రాతిలో వ్రాసిన పుస్తకం

పారిస్ నగరంలోని నోత్రదామ్ చర్చి ముఖద్వారాలపైన 28 మంది రాజుల విగ్రహాలు బారులు తీరి ఉండేవి. ఫ్రెంచి విప్లవ కాలంలో, 1793లో, వాటిని పడగొట్టి శిరస్సులు ఖండించినారు. అవి ఫ్రాన్సు రాజుల ప్రతిమలని ఆనాటివారి నమ్మకం. కాని వారు బైబిలులోని యూదా రాజులు, మేరీమాత పూర్వులు అని పండితుల నిర్ణయం. 1977లో పారిస్‌లోనే ఒకచోట నేల త్రవ్వుతుండగా 21 శిరస్సులు బయటపడినవి. క్లూనీ మ్యూజియంలో వాటిని భద్రపరచినారు.

ఇట్టి శిల్పాలను చదివే పద్ధతి నేర్పినవారిలో ముఖ్యుడు ఎమిల్ మాల్ (1862–1954) అనే ఫ్రెంచి చరిత్రకారుడు. 13వ శతాబ్దపు ఫ్రాన్సు మతకళపై ఆయన గ్రంథం 1898లో వెలువడినది. శిల్పానికి అర్థం మన ఊహలో కాక, ఆ కాలపువారు చదివిన గ్రంథాలలో వెదకవలెనని ఆయన వాదం. విన్సెంట్ అనే సన్యాసి 13వ శతాబ్దంలో లాటిను భాషలో ఒక విజ్ఞాన సర్వస్వం కూర్చినాడు. దానిలోని భాగాలకు 'దర్పణాలు' అని పేరు. ప్రకృతి, విద్య, నీతి, చరిత్ర అనే నాలుగు దర్పణాల క్రమంలోనే మాల్ తన గ్రంథాన్నీ నడిపినాడు.

ఒక ఉదాహరణ చూడండి. షార్త్ర్ పట్టణపు కెథీడ్రల్ పడమటి ద్వారం 12వ శతాబ్దం మధ్యకాలపు పని. అక్కడ వ్యాకరణం, తర్కం, అలంకారశాస్త్రం, అంకగణితం, రేఖాగణితం, ఖగోళం, సంగీతం అనే ఏడు విద్యలు స్త్రీ రూపాలలో ఉన్నవి. సంగీతం గంటలు మ్రోగిస్తున్నది. వ్యాకరణం చేతిలో బెత్తం, ఆమె పాదాలవద్ద ఇద్దరు పిల్లలు! (ఉపాధ్యాయులు ఇక్కడ చిరునవ్వు నవ్వుకొనవచ్చును.) విద్యలను ఇట్లు కన్యలుగా ఊహించినది శిల్పి కాదు. 5వ శతాబ్దంలో మార్టియానస్ కపెల్లా వ్రాసిన ఒక వివాహ కథలో ఈ ఏడుగురూ వధువుకు చెలికత్తెలు. ఆ గ్రంథం మధ్యయుగపు పాఠశాలలలో పాఠ్యపుస్తకం. బడిలో చదివినదే గుడి వాకిట రాయిగా మారినదన్నమాట.

అయితే ప్రతి ఆకులోనూ గూఢార్థం వెదకేవారిని మాల్ ఒప్పుకొనలేదు. స్తంభాలపై చెక్కిన ద్రాక్ష ఆకులు, ఫెర్న్ ఆకులు శిల్పికి ప్రకృతిపై గల ప్రేమకు గుర్తులే అన్నాడు. లాన్ పట్టణపు కెథీడ్రల్ గోపురాల మీద రాతి ఎద్దులు నిలిచి ఉన్నవి. కొండపైకి రాళ్లు లాగిన పశువుల జ్ఞాపకార్థం వాటిని నిలిపినారని అక్కడి ఐతిహ్యం.

మాల్ పద్ధతిలో చిక్కు లేకపోలేదు. షార్త్ర్ ద్వారానికి విన్సెంట్ గ్రంథం సుమారు నూరేళ్లు చిన్నది. పైగా నీతి దర్పణం విన్సెంట్ రచన కాదు, అతని మరణానంతరం చేర్చినది. శిల్పులు ఆ పుస్తకం చూచి చెక్కినారని కాదు, ఆ యుగపు ఆలోచన రెండింటిలోనూ ఒక్కటే అని మాల్ సమాధానం. ఇంతవరకు అంగీకరించవచ్చును. కాని గోడల అంచుల నుండి తొంగిచూచే వికృత జంతువుల సంగతి? 12వ శతాబ్దంలో సెయింట్ బెర్నార్డ్ అవి అర్థంలేనివని కోపగించినాడు. మాల్ ఆ కోపాన్నే సాక్ష్యంగా తీసికొని వాటిని శిల్పుల వినోదంగా త్రోసిపుచ్చినాడు. అది తొందరపాటు అనిపిస్తుంది. 1992లో మైకేల్ కమీల్ అనే చరిత్రకారుడు ఆ అంచులలోని బొమ్మలమీదనే ఒక పూర్తి గ్రంథం వ్రాసినాడు.