ప్లానులో లేని బొమ్మలు

ఇల్లు కట్టించుకున్న వాళ్లనెవరినైనా అడిగి చూడండి. కాగితం మీద ప్లాను చూసినప్పుడు ఎంత ముచ్చటేస్తుందో! ఇది ముందుగది, ఇది వంటిల్లు, ఇది దేవుడి గది అంటూ వేలు పెట్టి మరీ చూపిస్తారు. తీరా కాపరానికి వెళ్లాక తెలుస్తుంది, రుబ్బురోలు పెట్టుకోడానికి చోటు లేదనీ, వడియాలు ఎండబెట్టుకుందామంటే ఎండ పడే జాగా లేదనీను. ఒక్క ఇంటికే ఇంత తంటా ఉంటే, ఒక నగరాన్నంతటినీ, అందులోనూ రాజధానిని, ముందు కాగితం మీద గీసి తర్వాత నేల మీద కడితే ఎలా ఉంటుంది?

అలా కట్టిన ఊరు మన దేశంలో చండీగఢ్. కిందటేడు చలికాలంలో ఢిల్లీలో మా అన్నయ్యగారింటికి వెళ్లినప్పుడు, ఒక్క రోజు వీలు చేసుకుని మా వదినా నేనూ ఆ ఊరు చూసొచ్చాం. పొద్దున్నే శతాబ్ది రైలెక్కితే మధ్యాహ్నం కాకుండానే దింపేసింది. ముందుగా మాట్లాడి పెట్టుకున్న కారూ, దాంతోపాటు ఒక గైడు కుర్రాడూ స్టేషను బయట సిద్ధంగా ఉన్నారు. నన్ను ‘మేడమ్‌జీ’ అనీ, మా వదినని ‘మాతాజీ’ అనీ పిలుస్తూ, సాయంత్రం దాకా ఊరంతా తిప్పాడు. ఆ తిరుగుడులో తెలిసినవీ, అంతకు ముందూ ఆ తర్వాతా చదివి తెలుసుకున్నవీ కలిపి నాలుగు మాటలు చెబుతాను.

1947లో దేశంతోపాటు పంజాబూ రెండు ముక్కలైంది. రాజధాని లాహోరు అటువైపు పోయింది. ఇటు మిగిలిన పంజాబుకి లక్షలమంది కాందిశీకులైతే వచ్చారుగాని, రాజధాని లేకుండా పోయింది. కొన్నేళ్లపాటు సిమ్లా కొండ మీద సర్దుకున్నారు. కొత్త రాజధాని కోసం 1948లో శివాలిక్ కొండల పాదాల దగ్గర, రెండు వాగుల మధ్య నేలని ఎంచుకున్నారు. దగ్గర్లో చండీమాత గుడి ఉంది. ఆ తల్లి పేరే ఊరికి పెట్టారు. పాతకాలపు అలవాట్ల బరువు లేని నగరం కావాలి, స్వతంత్రం వచ్చిన దేశం ఎలా ఉండాలో ఇది చూపించాలి అని నెహ్రూ గారి కోరిక.

ప్లాను మొదట అప్పగించింది ఆల్బర్ట్ మేయర్ అనే అమెరికన్‌కి. ఆయనతో కలిసి పనిచేసిన నొవిట్స్కీ అనే పోలండు వాస్తుశిల్పి 1950లో విమాన ప్రమాదంలో పోయాడు, పాపం. అప్పుడు పంజాబు నుంచి ఇద్దరు అధికారులు యూరపు వెళ్లి వెదికి, ఫ్రాన్సులో ఉంటున్న లె కార్బూజియేని ఒప్పించారు. ఆయన 1951 ఫిబ్రవరిలో ఇక్కడ అడుగుపెట్టి, కొద్ది రోజుల్లోనే ప్లాను రూపురేఖలు మార్చేశాడు. మేయర్ వేసిన వంపుల రోడ్లని దాదాపు తిన్నగా సాగదీశాడు. ఊరినంతా 800 మీటర్ల వెడల్పూ, 1200 మీటర్ల పొడుగూ ఉన్న గళ్లుగా విడదీశాడు. ఒక్కో గడి ఒక సెక్టారు. దేని బడి దానికే, దేని బజారు దానికే, దేని పార్కు దానికే. పిల్లలు బడికెళ్లాలంటే పెద్దరోడ్డు దాటక్కర్లేదు. ఏమాటకామాటే చెప్పుకోవాలి, ఈ ఒక్క ఏర్పాటుకే తల్లులందరూ ఆయనకి దణ్ణం పెట్టొచ్చు.

1953 అక్టోబరు 7న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ ఈ నగరాన్ని ప్రారంభించారు. ఆ తేదీ చూస్తే మీకేమన్నా గుర్తొస్తోందా? దానికి సరిగ్గా ఆరు రోజుల ముందు, అక్టోబరు 1న, కర్నూల్లో నెహ్రూ గారు ఆంధ్రరాష్ట్రాన్ని ప్రారంభించారు. మనమూ మద్రాసు పోగొట్టుకుని వచ్చినవాళ్లమే. అక్కడ కాంక్రీటు మేడలు లేస్తుంటే, ఇక్కడ మన ఆఫీసులు గుడారాల్లో నడిచాయి. వానొస్తే ఫైళ్లు తడవకుండా చూసుకోడమే పెద్ద పరిపాలన అయి ఉంటుంది!

ఇళ్ల సంగతికి వస్తాను, మనకి ముందు కావల్సింది అదే గదా. లె కార్బూజియే ఏడాదికి రెండుసార్లు వచ్చి పెద్ద భవనాలు చూసుకునేవాడు. జనం కాపరాలుండే ఇళ్ల పని మాత్రం ఆయన పినతండ్రి కొడుకు వరస పియర్ జెన్నరే, ఇంగ్లీషు దంపతులు మాక్స్‌వెల్ ఫ్రై, జేన్ డ్రూ మీద పడింది. ప్రభుత్వోద్యోగుల ఇళ్లని జీతాన్ని బట్టి 13 తరగతులుగా విడగొట్టారు. మంత్రిగారి బంగళా మొదలుకొని ప్యూను ఇంటిదాకా వరసగా నంబర్లు. ఇదేం సమానత్వం అనిపిస్తుంది నిజమే. కాని అన్నిటికన్నా చిన్న ఇంటికి కూడా రెండు గదులూ, వంటిల్లూ, స్నానాల గదీ, సొంత పాయిఖానా, చిన్న పెరడూ ఉన్నాయి. 1950 ప్రాంతాల్లో నెలజీతం గుమాస్తాల ఇళ్లకి మన ఊళ్లలో ఇవన్నీ ఉండేవా? నాలుగు వాటాలకీ కలిపి ఒకే దొడ్డి ఉండే రోజులు కావూ అవి!

ఇరవై రెండో సెక్టారులో ఆ పాత ఇటుకల ఇళ్ల వరసలు చూపించాడు మా గైడు. ఎండ నేరుగా పడకుండా కిటికీల మీద చూర్లు, గాలి ఆడేలా ఇటుకలతోనే అల్లిన జాలీలు, వేసంగిలో పడుకోడానికి డాబాలు. వాటి వెనక జేన్ డ్రూ చెయ్యి ఉందని తెలిశాక మా వదిన తల పంకించి, “ఆడది గీసింది కనకనే బట్టలారేసుకునే చోటు ఉంది” అని తేల్చేసింది.

ఇంకో ఆడమనిషి పేరు కూడా చెప్పుకోవాలి. ఊర్మిళా యూలీ చౌదరి. 1951లోనే ఈ బృందంలో చేరి, లె కార్బూజియేతోనూ, జెన్నరేతోనూ పనిచేసింది. ఆడపిల్లల హోమ్‌సైన్సు కాలేజీ ఆవిడ రూపకల్పనే. తర్వాత ప్రభుత్వంలో ముఖ్య వాస్తుశిల్పి పదవి దాకా వెళ్లింది. ఆ రోజుల్లో ఆడపిల్ల బీయే చదివితేనే వింతగా చూసేవాళ్లని గుర్తు తెచ్చుకుంటే, ఇదెంత పెద్ద సంగతో తెలుస్తుంది.

ఇక కాపిటల్ కాంప్లెక్సు. ఊరికి ఉత్తరపు కొసన, కొండలకి ఎదురుగా, హైకోర్టూ, అసెంబ్లీ, పావు కిలోమీటరు పొడుగున సచివాలయమూ ఉన్నాయి. హైకోర్టు ముందు ఆకుపచ్చ, పసుపు, ఎరుపు రంగుల పెద్ద స్తంభాలు చూస్తే మెడ నొప్పెడుతుంది. 2016లో యునెస్కో వాళ్లు ఈ ఆవరణని ప్రపంచ వారసత్వాల జాబితాలో చేర్చారు. గాలివాటుకి తిరిగే తెరిచిన చెయ్యి బొమ్మ ఒకటి 26 మీటర్ల ఎత్తున నిలబడి ఉంది. లె కార్బూజియే 1965లో పోయాడు. ఆయన కల కన్న ఆ చెయ్యి నిలబడింది 1985లో.

ఇక్కడి కొలతలకి ఆయన ఒక లెక్క పెట్టుకున్నాడు. ఆరడుగుల మగమనిషి చెయ్యి పైకెత్తి నిలబడితే ఎంత ఎత్తు వస్తుందో దాన్నుంచి పుట్టిన లెక్క అది. గైడు ఆ సంగతి చెబితే మా వదిన తనని తాను ఒకసారి కిందికీ పైకీ చూసుకుంది. ఆవిడ అయిదడుగులకి ఒక అంగుళం తక్కువ. “మరి మాబోటి వాళ్లకో?” అంది. కుర్రాడు నవ్వేసి ఊరుకున్నాడు.

ఆ ప్రశ్న నన్ను మాత్రం వదల్లేదు. ఆ పాత ఫొటోల్లో ఎవరున్నారో చూడండి. తలపాగాల మగవాళ్లూ, తలమీద తట్టలు మోస్తున్న ఆడవాళ్లూ. వాలుగా కట్టిన కర్రల మెట్ల మీదుగా తడి కాంక్రీటు పై అంతస్తుల దాకా మోసింది వాళ్లే. 13 తరగతుల ఇళ్లలో వాళ్లకి ఏ తరగతీ లేదు. పని ఉన్నన్నాళ్లూ గుడిసెల్లో ఉన్నారు. పని ఒకచోట అయ్యాక ఇంకోచోట గుడిసెలు వేసుకున్నారు. అలా పెరిగిన కూలీల బస్తీల్లో ఒకదానికి పేరు కూడా లేదు, నాలుగో నంబరు కాలనీ అనేవారు. దాన్ని 2022లో కూల్చేశారు. ఆ రోజు మే 1, కార్మిక దినం!

మరి ఈ ఊరికి ముందు ఇక్కడ ఏముండేది? ఖాళీ నేలేం కాదు. పల్లెలున్నాయి, పొలాలున్నాయి, మామిడితోపులున్నాయి. బుడైల్ లాంటి కొన్ని పల్లెలు సెక్టార్ల మధ్య ఇరుక్కుని ఇప్పటికీ ఉన్నాయి. చాలా పల్లెలు లేవు. కారులో వెళుతుంటే మా గైడు ఉన్నట్టుండి, “మా నానమ్మ పుట్టిల్లు ఈ సెక్టార్ల కిందే ఉంది మాతాజీ” అన్నాడు. ఏ సెక్టారు నాయనా అనడిగింది మా వదిన. “ఆవిడకి నంబర్లు తెలీవు. మామిడితోపు పక్కన, బావికి ఇవతల, అంటుంది.” ఆ తర్వాత కాసేపు కారులో ఎవరం మాట్లాడలేదు.

అందుకే కాబోలు, ఆ ఊళ్లో నా మనసుకి పట్టింది ప్లానులో ఉన్నది కాదు, లేనిది. దాని పేరు రాక్ గార్డెన్. నేక్‌చంద్ అనే ఆయన ఇప్పటి పాకిస్తానులో ఉన్న పల్లెటూళ్లో 1924లో పుట్టి, విభజనప్పుడు ఇటు వచ్చినవాడు. చండీగఢ్‌లో రోడ్డుపనుల మీద ఇన్‌స్పెక్టరు ఉద్యోగం. కొత్త ఊరు కోసం పాత పల్లెలు పడగొడుతుంటే, ఆ చెత్తలోంచి పగిలిన పింగాణీ కప్పులు, విరిగిన పెంకులు, పాడైన ఎలక్ట్రిక్ సామాను, వాగుల్లోంచి వింత ఆకారాల రాళ్లు, సైకిలు మీద మోసుకుపోయేవాడు. ఊరవతల, ఏదీ కట్టకూడదని ప్రభుత్వం ఆంక్ష పెట్టిన అడవిలో, రాత్రిళ్లు ఒక్కడూ కూర్చుని బొమ్మలు చేసేవాడు. చిన్నప్పుడు వాళ్లమ్మ చెప్పిన రాజులూ రాణుల కథల్లోని రాజ్యం అది. 1957 ప్రాంతంలో మొదలుపెడితే, పదిహేనేళ్లకి పైగా ఆ రాజ్యం దాదాపు ఎవరి కంటా పడకుండా పెరిగింది. చివరికి అధికారులకి తెలిసింది. రూలు ప్రకారం పడగొట్టాలి. కాని చూడ్డానికి వచ్చిన జనం ఊరుకోలేదు. 1976లో దాన్ని తోటగా ప్రకటించి, ఆయనకి జీతమూ, యాభైమంది పనివాళ్లనీ ఇచ్చారు. 1984లో పద్మశ్రీ ఇచ్చారు. తర్వాత ఒకసారి ఆ తోటలోంచి రోడ్డు వేద్దామని బుల్‌డోజర్లు వస్తే, ఊరి జనం చెయ్యీ చెయ్యీ పట్టుకుని అడ్డంగా నిలబడ్డారు. నేక్‌చంద్ 2015లో పోయాడు. తోట ఉంది.

ఇందులో ఒక తమాషా ఉంది. ఈ నగరంలో మనుషుల విగ్రహాలు పెట్టకూడదని లె కార్బూజియే శాసనం. సెంటరు సెంటరుకీ ఒక విగ్రహం చూసి అలవాటైన మన కళ్లకి, బోసి కూడళ్లు చూస్తే హాయిగానే ఉంటుంది. కాని ఆ నియమం పెట్టిన ఊళ్లోనే, పక్కనే, వేల బొమ్మలు బారులు తీరి నిలబడ్డాయి. ఒక్కదానికీ పేరు లేదు. నీళ్ల బిందెలతో ఆడవాళ్లు, మేళగాళ్లు, సైనికులు, కోతులు, నెమళ్లు. ఆడబొమ్మలకి చీరలు కట్టింది దేంతో అనుకున్నారు? రంగురంగుల పగిలిన గాజు ముక్కలతో. “పెరిగిన గాజులే ఇవన్నీ!” అంటూ మా వదిన అక్కడే నిలబడిపోయింది. గాజు పగిలిందని నోటితో అనడానికి కూడా మనసొప్పని వాళ్లం గదా మనం. ఎవరి చేతులవో ఆ గాజులన్నీ. ఏ బజారులో చిట్లినవో, ఏ ఇంట్లో ఏ దుఃఖంలో పెరిగినవో. వాటిని పారెయ్యకుండా ఒకాయన ఏరుకొచ్చి చీరలు చేశాడు.

ఆ తోటలో గుమ్మాలన్నీ పొట్టివి. కావాలనే అలా కట్టాడట. లోపల దేవతల రాజ్యం, తల వంచి రావాలని. ఆరడుగుల మనిషి కొలతతో కట్టిన ఊళ్లో, ఆరడుగుల మనిషి వంగితేగాని లోపలికి పోలేని చోటు అదొక్కటే. మా వదిన మాత్రం ఒక్క రవ్వ తలవంచి దర్జాగా నడిచిపోయింది.

1966 నవంబరు 1న పంజాబు మళ్లీ విడిపోయి హర్యానా ఏర్పడింది. ఊరు కేంద్రం చేతికి వెళ్లి, ఇద్దరికీ రాజధాని అయింది. ఒకే భవనంలో వేరువేరు హాళ్లలో రెండు శాసనసభలూ ఇవాళ్టికీ నడుస్తున్నాయి. అన్నదమ్ములు వేరుపడి, ఒకే ఇంట్లో రెండు పొయ్యిలు వెలిగించుకున్నట్టు. ఈ అనుభవం మనకీ తెలిసిందే. 2014 నుంచి 2024 జూన్ దాకా హైదరాబాదు రెండు తెలుగు రాష్ట్రాలకీ ఉమ్మడి రాజధానిగా ఉంది. 2015లో అమరావతికి శంకుస్థాపన జరిగింది. 33 వేల ఎకరాలకి పైగా భూమిని రైతులు పూలింగులో ఇచ్చారు. 2019 చివర్లో రాజధాని అక్కడే ఉంటుందా అన్న ప్రశ్న వచ్చినప్పుడు ఆ ఊళ్ల ఆడవాళ్లే రోడ్డు మీద కూర్చున్నారు. ఎవరిది ఒప్పు, ఎవరిది తప్పు అనే వాదాల్లోకి నేను పోను. ఆడవాళ్లు ఎందుకు కూర్చున్నారో మాత్రం నాకు అర్థమవుతుంది. మగవాడికి రాజధాని అంటే పదవులూ, ఆఫీసులూ, రోడ్లూను. పొలం గట్టు మీద అన్నం కారియరు మోసిన మనిషికి మాత్రం, నానమ్మ చెప్పినట్టు, మామిడితోపు పక్కన, బావికి ఇవతల.

చండీగఢ్ అందమైన ఊరు, సందేహం లేదు. నీడనిచ్చే చెట్లు, తీరైన రోడ్లు, మోటారు పడవల రొద లేని సుఖ్నా చెరువు, ఎన్ని రకాలో గులాబీలు. పిల్లల్ని తీసుకుని తప్పకుండా వెళ్లి చూసి రండి. కాంక్రీటు మేడలు చూశాక తోటలోకి కూడా వెళ్లండి. అక్కడ గాజుల చీర కట్టుకున్న బొమ్మల ముందు పిల్లలు, ‘ఎవరమ్మా వీళ్లు?’ అని అడుగుతారు. ఈ ఊరు కట్టిన వాళ్లూ, ఈ ఊరికి ముందు ఇక్కడ ఉన్నవాళ్లూ అని చెప్పండి.