ఆఫ్రికా సినిమా బహుమతులు – అమ్మభాష కథ



సినిమా బహుమతులు అనగానే మనకు అమెరికా ఆస్కార్లు గుర్తుకు వస్తాయి. మా తరం వాళ్ళకైతే నంది బహుమతులు గుర్తుకు వస్తాయి. ఆఫ్రికా ఖండానికంతటికీ కలిపి ఏటా జరిపే సినిమా బహుమతుల ఉత్సవం ఒకటి ఉన్నదని మాత్రం మనలో చాలామందికి తెలియదు. దాని పేరు ఆఫ్రికా మూవీ అకాడమీ అవార్డులు. 2005లో నైజీరియా దేశంలో, చమురు బావులకు పేరుపడ్డ నైజర్ నది డెల్టా ప్రాంతంలో, యెనగోవా అనే పట్టణంలో అది మొదటిసారి జరిగింది. దానికి పూనుకున్నది పీస్ అన్యియామ్ ఒసిగ్వే అనే మహిళ. ఆమె 2023 జనవరిలో కన్నుమూశారు.

ఈ బహుమతుల్లో ఒకటి నన్ను ప్రత్యేకంగా ఆకర్షించింది. అది ఆఫ్రికా భాషలో తీసిన ఉత్తమ చిత్రానికి ఇచ్చే బహుమతి. దానికి సెనెగల్ దేశపు రచయిత, దర్శకుడు ఉస్మాన్ సెంబేన్ పేరు పెట్టారు. ఆఫ్రికాలో జరిగే ఉత్సవంలో ఆఫ్రికా భాషలకు వేరే బహుమతి ఎందుకు కావలసి వచ్చింది? మన ఇంట్లో మన వంటకు వేరే విస్తరి వేసినట్టు లేదూ? ఈ ప్రశ్నకు జవాబు వెతకాలంటే కొంచెం వెనక్కి వెళ్ళాలి.

ఆఫ్రికాకు సినిమా వచ్చింది తెల్లదొరల పాలనలో. ఫ్రెంచి ప్రభుత్వం 1934లో ఒక ఉత్తర్వు తెచ్చింది. దాని ప్రకారం ఫ్రెంచి వలసల్లో ఎవరు సినిమా తీయాలన్నా ముందుగా ప్రభుత్వ అనుమతి పొందాలి. పోలాన్ వియేరా అనే యువకుడు మిత్రులతో కలిసి సెనెగల్‌లో చిత్రం తీయాలనుకుంటే అనుమతి దొరకలేదు. చేసేది లేక 1955లో పారిస్ నగరంలోనే, అక్కడ ఉన్న ఆఫ్రికావాసుల మీద ఒక చిన్న చిత్రం తీశారు. సొంత గడ్డ మీద కెమెరా పెట్టే హక్కు లేక పరాయి ఊళ్ళో మొదలైన సినిమా అది.

ఉస్మాన్ సెంబేన్ జాలరి కొడుకు. ఫ్రాన్సులోని మార్సే రేవులో మూటలు మోసి, ఫ్రెంచి నేర్చుకుని నవలలు రాశాడు. పేరు వచ్చింది. కాని తాను ఎవరి గురించి రాస్తున్నాడో ఆ జనానికి ఆ పుస్తకాలు చదవడం రాదు. అందుకని నలభయ్యో పడికి దగ్గరపడ్డ వయసులో మాస్కో వెళ్ళి సినిమా విద్య నేర్చుకున్నాడు. 1963లో డకార్ నగరపు బండివాడి మీద ఒక చిన్న చిత్రం తీశాడు. అందులోనూ మాటలు ఫ్రెంచివే. చివరికి 1968లో "మండాబి" అనే చిత్రాన్ని తన జనం మాట్లాడే వోలోఫ్ భాషలో తీశాడు. డబ్బు ఇచ్చింది ఫ్రాన్సు కాబట్టి ఫ్రెంచిలో కూడా మరొక ప్రతి తీయవలసి వచ్చింది.

మండాబి అంటే మనియార్డరు. చదువురాని ఒక పెద్దాయనకు పారిస్ నుంచి మేనల్లుడు డబ్బు పంపిస్తాడు. అది తీసుకోవాలంటే గుర్తింపు కార్డు కావాలి. కార్డుకు పుట్టిన తేదీ కాగితం కావాలి, ఫొటో కావాలి. ప్రతి కిటికీ దగ్గరా ఆయనకు రాని భాషే. డబ్బు చేతికి రాకముందే అప్పులవాళ్ళు గుమ్మంలోకి వస్తారు. చివరికి నమ్మినవాడే ముంచుతాడు.

ఈ కథ తెలిసినప్పుడు నాకు మా మామ్మ గుర్తుకు వచ్చింది. మాది ఒరిస్సాలోని బరంపురం. మా చిన్నాన్న ఖరగ్‌పూరు రైల్వేలో పనిచేస్తూ నెలనెలా మనియార్డరు పంపేవాడు. మామ్మ తెలుగులో భాగవతం గడగడా చదివేది. కాని ఆ ఫారం చేతికి వస్తే నాకు ఇచ్చి, "ఏం రాశారో చూడు" అనేది. పైన అచ్చువేసిన అక్షరాలు నేను చదివి చెప్పేవాణ్ణి. కింద కూపన్ మీద చిన్నాన్న తెలుగులో రాసిన రెండు ముక్కలు మాత్రం తానే, పైకి, రెండుసార్లు చదువుకునేది. మామ్మ చదువుకున్నదా, చదువుకోనిదా? అది ఆ కాగితం ఏ లిపిలో ఉన్నదో దాన్నిబట్టి ఉండేది.

తిరిగి మన కథలోకి వద్దాం. నైజీరియాలో సినిమా మరొక దారిన పెరిగింది. మన "భక్త ప్రహ్లాద"లో సురభి నటులు వేషాలు కట్టినట్టే, అక్కడ యోరుబా భాషలో ఊరూరా తిరిగే నాటక సమాజాలవాళ్ళు వెండితెరకు వచ్చారు. తరువాత 1992లో కెన్నెత్ న్నెబూయే అనే వీడియో క్యాసెట్ల వ్యాపారి "లివింగ్ ఇన్ బాండేజ్" అనే కథను ఫిల్ము మీద కాకుండా వీడియో మీద తీయించి, క్యాసెట్లుగా అమ్మాడు. పేరు ఇంగ్లీషుదే గాని మాటలన్నీ ఇగ్బో భాషవి. అది విపరీతంగా అమ్ముడుపోయింది. నాలీవుడ్ అని నేడు పిలుచుకునే పరిశ్రమకు అదే నాంది అంటారు.

ఆ తరువాత జరిగింది వినండి. యునెస్కో లెక్కల ప్రకారం 2006లో భారతదేశంలో 1,091 చిత్రాలు తయారైతే, నైజీరియాలో 872 వీడియో చిత్రాలు తయారయ్యాయి. అమెరికా 485తో మూడో స్థానంలో ఉంది. ఆ నైజీరియా చిత్రాల్లో నూటికి 44 ఇంగ్లీషువి, 31 యోరుబావి, 24 హౌసావి. ఇగ్బో భాషవి? నూటికి ఒక్కటి! ఏ భాష ఆ పరిశ్రమకు పురుడు పోసిందో, పధ్నాలుగేళ్ళలో ఆ భాషే గుమ్మం బయట నిలబడింది. ఎవరూ నిషేధించలేదు. ఇంగ్లీషులో తీస్తే ఘనాలోనూ అమ్ముకోవచ్చు, లండన్‌లోనూ అమ్ముకోవచ్చు. అంతే, బేరం కుదిరిన వైపు భాష మారింది.

ఇప్పుడు మొదటి ప్రశ్నకు జవాబు దొరికింది. అమ్మకం ఒక్కటే కొలత అయితే చిన్న భాషకు పీట దొరకదు. సెంబేన్ పేరు మీద బహుమతి ఆ పీట వేయడానికే.

అయితే ఈ ఉత్సవం ఒక్క నైజీరియా సొత్తు కాలేదు. 2009లో ఉత్తమ చిత్రం బహుమతి కెన్యాకు చెందిన వనూరి కహియు తీసిన "ఫ్రమ్ ఎ విస్పర్"కు దక్కింది. అది 1998లో నైరోబీలోని అమెరికా రాయబార కార్యాలయం మీద జరిగిన బాంబు దాడి నేపథ్యంలో తీసిన కథ. 2011లో కాంగో దేశపు "వీవా రీవా" గెలిచింది. అందులో పాత్రలు లింగాల, ఫ్రెంచి భాషలు మాట్లాడతాయి. ఉత్సవం కూడా యెనగోవా దాటి 2015లో దక్షిణాఫ్రికాకు, 2018లో రువాండాకు వెళ్ళింది.

ఆంధ్ర దేశం బయట తరతరాలుగా ఉంటున్న మనకు ఇది దూరపు కథ కాదు. మా పిల్లలు బడిలో ఒడియా చదువుతారు, ఉద్యోగానికి ఇంగ్లీషు చదువుతారు. అందులో తప్పు లేదు, నేను బోధించేదీ రెండు భాషల్లోనే. వాళ్ళకు తెలుగు చెవిన పడేది ఇంట్లో, ఆ తరువాత సినిమాలో. నా తరగతిలో తెలుగు సినిమా డైలాగు పొల్లుపోకుండా ఒప్పజెప్పే కుర్రవాడు, అదే సినిమా గోడపత్రిక మీద పేరు చదవలేక నన్ను అడిగాడు. సినిమా చెవికి భాషను నిలుపుతుంది, కంటికి నిలపలేదు. ఆ పని బహుమతులు చేయవు. ఇంట్లో పెద్దవాళ్ళు చేయాలి, మేము చేయాలి.

ఆ కుర్రవాడికి నేను ముందుగా వాడి పేరు తెలుగులో రాయడం నేర్పాను. రెండో రోజు గోడపత్రిక మీద హీరో పేరు వాడే చదివాడు.