బొగ్గుబాయి నుంచి కరెంటు బిల్లు దాకా

మన బడిలో చదివినవాళ్లకు బొగ్గు గురించి, కరెంటు గురించి కొత్తగా చెప్పాల్సింది లేదు. బాయి సైరన్ వింటూ, రామగుండం పొగగొట్టాలు చూస్తూ పెరిగాం. 1971లో మొదలైన 62.5 మెగావాట్ల బి-థర్మల్, 1983లో తొలి యూనిట్ నడిచిన ఎన్టీపీసీ మన ఇరుగుపొరుగే. అయితే మన బొగ్గు కరెంటై ఇంటికి చేరేసరికి దాని ధర ఎవరు కడతారు? ఇంజనీరునైన నేనూ చాలా ఏళ్లు ఆ సంగతి పట్టించుకోలేదు. ఆ లెక్కలు చూసిన ఒక మహిళా ఆర్థికవేత్తను ఈ స్వర్ణోత్సవ సంచికలో పరిచయం చేస్తున్నాను.

డాక్టర్ గీతా గౌరి హైదరాబాదులోని ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ పబ్లిక్ ఎంటర్‌ప్రైజ్‌లో ఆచార్యులుగా ప్రభుత్వ రంగ సంస్థలపై పరిశోధన చేశారు. తర్వాత ఆంధ్రప్రదేశ్ విద్యుత్ నియంత్రణ మండలిలో టారిఫ్ విభాగం డైరెక్టరుగా పనిచేశారు.

ఆ మండలి 1998 నాటి విద్యుత్ సంస్కరణల చట్టం వల్ల పుట్టింది. అంతకుముందు రేట్లు విద్యుత్ బోర్డు, ప్రభుత్వం కలిసి చూసుకునేవి. 1999 ఫిబ్రవరి 1న బోర్డు జెన్‌కో, ట్రాన్స్‌కోలుగా విడిపోయింది. ఆ ఏడాదే మండలి ఏర్పడింది. ఇక కంపెనీలు తమ ఖర్చంతా దాని ముందు పెట్టాలి. అప్పులపై వడ్డీ, తరుగుదల, జీతాలు స్థిర ఖర్చు. బొగ్గు ఖర్చు ఉత్పత్తిని బట్టి మారుతుంది. యూనిట్‌కు ఎంత బొగ్గు కాలింది, తీగల్లో ఎంత కరెంటు పోయింది అన్నదీ చూస్తారు. ప్రజల అభ్యంతరాలు బహిరంగంగా వింటారు. ఏదైనా వర్గానికి రేటు తగ్గించాలని ప్రభుత్వం అనుకుంటే ఆ తేడాను సబ్సిడీగా చెల్లించాలి.

ఈ లెక్కల వెనుక మనుషుల బతుకులున్నాయి. 2000 మేలో వచ్చిన తొలి టారిఫ్ ఉత్తర్వుతో ఛార్జీలు పెరిగాయి. రాష్ట్రమంతా ఉద్యమం లేచింది. ఆగస్టు 28న హైదరాబాదు బషీర్‌బాగ్‌లో పోలీసు కాల్పుల్లో ముగ్గురు చనిపోయారు. కాగితం మీద సరిపోయిన లెక్క, కట్టేవాడికి ఎందుకో అర్థం కాకపోతే నిలబడదని ఆ రోజు నేర్పింది. టారిఫ్ విభాగం పని ఎంత బరువైనదో దీన్నిబట్టి తెలుస్తుంది.

గీతా గౌరి 2009లో ఢిల్లీలోని కాంపిటీషన్ కమిషన్ ఆఫ్ ఇండియాలో సభ్యురాలయ్యారు. పెద్ద సంస్థలు మార్కెట్లో తమ బలాన్ని దుర్వినియోగం చేయకుండా చూడడం దాని పని. ఆ కమిషనే 2013 డిసెంబరులో, మహారాష్ట్ర, గుజరాత్ జెన్‌కోల ఫిర్యాదులపై కోల్ ఇండియాకు 1,773 కోట్ల రూపాయల జరిమానా వేసింది. బొగ్గు నాణ్యత, సరఫరా ఒప్పందాల షరతులే ఆ గొడవకు మూలం. తర్వాత అప్పీలులో ఆ ఉత్తర్వు రద్దయి, 2017లో కమిషన్ జరిమానాను 591 కోట్లకు తగ్గించింది. ప్రభుత్వ బొగ్గు కంపెనీకి కూడా పోటీ చట్టం వర్తిస్తుందని 2023లో సుప్రీంకోర్టు తేల్చింది. గ్రేడు, రాళ్లు, శాంపిల్ అన్న మాటలు చిన్నప్పటి నుంచి విన్న మనకు ఈ కేసు పరాయిది కాదు.

ఆమె విద్యుత్ మండలికి అధ్యక్షురాలు కాలేదు. బ్రిటన్‌లో క్లేర్ స్పాటిస్‌వుడ్ అనే ఆర్థికవేత్త 1993లోనే గ్యాస్ నియంత్రణ సంస్థకు సారథి అయ్యారు. మన దగ్గర కూడా ఆ రోజు రావాలి.

ఇప్పుడు మన సింగరేణే కరెంటు తయారుచేస్తోంది. జైపూర్‌లోని 1,200 మెగావాట్ల కేంద్రం ధరను తెలంగాణ విద్యుత్ నియంత్రణ మండలే నిర్ణయిస్తుంది. బొగ్గు తవ్విన కంపెనీ కూడా తన లెక్కలు అందరి ముందూ పెట్టాల్సిందే. ఆ విచారణలో అభ్యంతరం రాయడానికి పదవి అక్కర్లేదు, లెక్క తెలిస్తే చాలు.

మన పాత విద్యార్థుల్లో ఇంజనీర్లు చాలామంది ఉన్నారు. ఉపాధ్యాయులకు నాదొక విన్నపం. లెక్కల్లో చురుకైన ఆడపిల్ల కనబడితే ఇంజనీరింగుతోపాటు అర్థశాస్త్రం పేరు కూడా ఆమె చెవిన వేయండి. బిల్లు మీది అంకె ఎక్కడినుంచి వచ్చిందని అడిగే పిల్ల మన బడి నుంచి రావాలని నా కోరిక.