యా హాఫిజ్: వెయ్యా, నూటనాలుగా?

హబ్సిగూడలో మా వీధి మలుపున నిలిచే ఆటో వెనుక 786 అని వ్రాసి ఉంటుంది. చాలాకాలం దానిని అదృష్టసంఖ్య అనుకున్నాను. అది ‘బిస్మిల్లా’ వాక్యంలోని అక్షరాల విలువల మొత్తమని తెలిసిన నాటినుండి ఆ లెక్క నన్ను వదలలేదు.

అరబ్బీ లిపిలో 28 అక్షరాలకూ విలువలున్నాయి. అలిఫ్‌కు 1, బేకు 2, యేకు 10, ఫేకు 80. ఈ పద్ధతి పేరు అబ్జద్. మన శాసనాలలో చంద్రుడంటే 1, నేత్రాలంటే 2, వేదాలంటే 4 అని శకవర్షాలు చెప్పినట్లే, పారశీక కవులు ఒక పదబంధంలో సంవత్సరాన్ని పొదిగేవారు.

మధ్యయుగపు మార్మికులకు ఇది గణితం మాత్రమే కాదు. దైవవాక్కుతో సృష్టి జరిగితే, అక్షరాలే సృష్టికి మూలద్రవ్యమన్నది వారి తర్కం. దైవనామాల సంఖ్యలను యంత్రాల గడులలో నింపే విద్యకు 13వ శతాబ్దపు అల్ బూనీ పేరు ముడిపడింది. ఇరాన్‌లో హురూఫీ మార్గాన్ని స్థాపించిన ఫజ్లుల్లా అస్తరాబాదీ మనిషి ముఖంలోనే అక్షరాలను చదివాడు. 1394లో తైమూరు కుమారుడు మీరాన్‌షా అతనికి మరణశిక్ష విధించాడు.

ఆ అస్తరాబాదు నుండే రెండు శతాబ్దాల తరువాత మీర్ మొమిన్ గోల్కొండకు వచ్చి, మహమ్మద్ కులీ కుతుబ్‌షాకు పీష్వా అయ్యాడు. హైదరాబాదు రూపకల్పనలో ఆయనదే ముఖ్యపాత్ర అంటారు. అంతమాత్రాన ఆయనను హురూఫీ అనలేము. కాని అక్షరానికి అంకె ఉందన్న ఎరుక ఆ కొలువులో అందరికీ ఉండేది. 1591లో హిజ్రీ వెయ్యవ సంవత్సరం ప్రవేశించింది. చార్మినార్ కాలాన్ని తెలిపే పదబంధం ‘యా హాఫిజ్’, అనగా ‘ఓ రక్షకుడా’.

కాగితం తీసుకుని కూడాను. 10, 1, 5, 1, 80, 7. మొత్తం 104! చరిత్రకారులు పొరబడ్డారేమోనన్న గర్వం కూడా కలిగింది. ఉర్దూ చదువుకున్న పొరుగింటి పెద్దాయనకు చూపించాను. ఆయన నవ్వి, “బేటా, నువ్వు వేసిన హే వేరు, ఇక్కడి హే వేరు. ఆ జ కూడా అంతే” అన్నారు. ఇక్కడిది బడీ హే, విలువ 8. చివరిది జోయ్, విలువ 900. 10, 1, 8, 1, 80, 900. సరిగ్గా వెయ్యి.

తెలుగులో ఒకే హ, ఒకే జ. వాటి మధ్య 896 సంవత్సరాలు జారిపోయాయి. ప్రార్థన మన లిపిలోకి రాగలిగింది, సంవత్సరం రాలేకపోయింది. అప్పటినుండి పొరుగు భాష మాటను తెలుగులో వ్రాసేముందు, దాని అసలు అక్షరాలేవో ఆ పెద్దాయనను అడుగుతున్నాను.