మద్రాసు తెరపై తెలుగు బాల్యం

తెలుగు టాకీ ఒక బాలుడి పేరుతోనే పుట్టింది. 1932లో విడుదలైన హెచ్.ఎం. రెడ్డి ‘భక్త ప్రహ్లాద’లో తండ్రి ఆజ్ఞను ధిక్కరించే పసివాడే కేంద్రమైనా, ఆ ధిక్కారం బాల్యసహజమైన మారాం కాదు, పురాణం అతని నోట పలికించిన తత్త్వం. 1936లో సి. పుల్లయ్య పిల్లలనే పాత్రధారులుగా నిలిపి ‘సతీ అనసూయ’, ‘ధ్రువ విజయం’ రూపొందించినప్పుడూ వారికి అప్పగించింది పెద్దల కథలనే.

నిర్మాణమంతా మద్రాసులో స్థిరపడి, వడపళని స్టూడియోలు తెలుగు సినిమాకు పుట్టిళ్లయిన తరువాత ఈ సంప్రదాయం మరింత శోభించింది. పుల్లయ్య మొదలుపెట్టగా కుమారుడు సి.ఎస్. రావు పూర్తిచేసిన 1963 నాటి వర్ణచిత్రం ‘లవకుశ’లో బాలనటులు నాగరాజు, సుబ్రహ్మణ్యం పెదవులు కదిపారు, పాడినవారు పి. లీల, పి. సుశీల. తండ్రి ఎదుటే తండ్రి కథను గానం చేసే ఆ ఘట్టం బరువును మోయడానికి శిక్షణ పొందిన గళాలే కావలసివచ్చాయి గనుక దీనిని దోషమనలేము. అయితే పసిముఖానికి పెద్దల స్వరం అతికించే అలవాటు గాత్రంతోనే ఆగిపోలేదన్నది కూడా నిజమే. 1966లో ఏవీఎం ‘లేతమనసులు’లో కుట్టి పద్మిని ద్విపాత్రాభినయం చేసిన కవలలు విడిపోయిన తల్లిదండ్రులను కలిపే రాయబారులు. హాలీవుడ్ నుంచి తమిళానికీ, అక్కడినుంచి తెలుగుకూ ఈ కథ నడిచివచ్చిందంటే, ఒకే ఇతివృత్తాన్ని పలు భాషల్లో తీసే స్టూడియోల వ్యాపారరీతి, కుటుంబసమేతంగా హాలుకు వచ్చే ప్రేక్షకుల అభిరుచి రెండూ అందుకు కారణాలే.

విచిత్రమేమిటంటే, విజయా సంస్థ అధిపతులు నాగిరెడ్డి, చక్రపాణి 1947 నుంచి పిల్లల పత్రిక ‘చందమామ’ను కూడా నడిపారు. పిల్లల ఊహాలోకాన్ని అంతగా ఎరిగిన ఆ యాజమాన్యం సైతం, మహా వినోదాలను సృష్టించిందే గాని, తెరపై ఒక పిల్లవాడి ఏకాంతానికి చోటివ్వలేదు.

పోలికకు స్పెయిన్ సినిమాను చూస్తే, అక్కడా 1955 నాటి ‘మార్సెలీనో’ చిత్రంలోని బాలుడు భక్తుడే. కాని నియంత ఫ్రాంకో పాలన చివరి దశలో, 1973లో, విక్టర్ ఎరిసె ‘తేనెపట్టు ఆత్మ’ చిత్రంలో చిన్నారి ఆనా టొరెంట్ మౌనాన్నే కథగా మలిచాడు. అంతర్యుద్ధానంతర సమాజం పైకి చెప్పుకోలేనిదంతా ఆ పిల్ల చూపులో నిలిచింది. మద్రాసు సినిమాకు అటువంటి నిర్బంధం లేదు. మాటలకూ పాటలకూ కొదవ లేనిచోట మౌనాన్ని ఆశ్రయించే అవసరమూ కలగలేదు.

మినహాయింపుగా చెప్పదగినది బాపు ‘బాలరాజు కథ’ (1970). ‘బుడుగు’ను సృష్టించిన ముళ్లపూడి వెంకటరమణ రచనలో, మహాబలిపురం శిల్పాల నడుమ యాత్రికులకు విశేషాలు చెప్పి నాలుగు డబ్బులు సంపాదించుకునే కుర్రవాడు ఎవరినీ ఉద్ధరించడానికి పుట్టినవాడు కాడు, లోకాన్ని తన కళ్లతో పరీక్షించి చూసుకునేవాడు. దీనికీ మూలం తమిళమే: ఎ.పి. నాగరాజన్ ‘వా రాజా వా’. అందుచేత ఈ ఘనతలో కొంత వాటా ఆయనకూ చెల్లుతుంది.