పల్నాటి ఇళ్ళు – గాలి ఏర్పాటు

పల్నాడులో గాలిబురుజులు లేవు. ఇరాన్‌లోని యజ్ద్‌లోనూ, సింధులోని థట్టాలోనూ ఇంటికప్పుపై నిలిచి గాలిని కిందికి దింపే ఆ కట్టడాల పనిని ఇక్కడ మండువా (ఇంటి నడుమ కప్పులేని ఖాళీ), రాతిగోడ పంచుకున్నాయి. ఎండకు పేరుమోసిన రెంటచింతల ఈ సీమలోదే. మే నెలలో పడమటి నుంచి వీచేది వడగాలి. దాన్ని పట్టి ఇంట్లోకి దింపుకుంటే ఉక్కపోత తగ్గకపోగా నిప్పు వచ్చిపడుతుంది. పగలు తలుపులు మూసి, లోపలి వేడిని పైకి వదిలి, రాత్రి చల్లదనాన్ని రానివ్వడం ఇక్కడి పద్ధతి.

నడుమ ఖాళీ, చుట్టూ గదులు అనే ఈ అమరికకు పాత ఆనవాళ్ళు క్రీ.శ. 3, 4 శతాబ్దాల ఇక్ష్వాకుల రాజధాని విజయపురిలో, అంటే మాచర్లకు చేరువలోని నాగార్జునకొండ లోయలో దొరికాయి. 1926లో ఎ.ఆర్. సరస్వతి ఈ స్థలాన్ని గుర్తించారు. 1927–31లో లాంగ్‌హర్స్ట్, 1938లో టి.ఎన్. రామచంద్రన్, 1954–60లో ఆర్. సుబ్రహ్మణ్యం తవ్వకాలు జరిపారు. అక్కడి విహారాల్లో నడుమ ఖాళీలో స్తంభాల మండపం, దాని చుట్టూ వరుసగా భిక్షువుల గదులు ఉండేవి. ఇటుక గోడలకు సున్నపు పూత పూశారు. ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుడి 14వ పాలనా సంవత్సరంలో ఉపాసిక బోధిశ్రీ సింహళ భిక్షువుల కోసం చుళధమ్మగిరిపై చైత్యగృహం కట్టించింది. 1967లో పూర్తయిన నాగార్జునసాగర్ ఆనకట్ట నీటిలో లోయ మునగగా, ముఖ్యమైన కట్టడాలను కొండమీదికీ అనుపుకూ తరలించారు.

పల్నాటి యుద్ధంలో తలపడిన బ్రహ్మనాయుడు, నాగమ్మల 12వ శతాబ్దం నుంచి రెడ్డిరాజుల దాకా కథలు మిగిలినంతగా ఇళ్ళు మిగల్లేదు. పల్నాటి పల్లెలను వెక్కిరిస్తూ శ్రీనాథుడి పేర చెలామణీ అయ్యే చాటువులో మాత్రం నాపరాళ్ళకూ చోటు దక్కింది. మహాకవి కాలికి గుచ్చుకున్నాయేమో గాని, ఆ రాళ్ళు పేర్చిన మందపాటి గోడ మధ్యాహ్నపు ఎండను పొద్దుగుంకేదాకా లోపలికి రానివ్వదు.

కలిగినవారి లోగిళ్ళలో నాలుగువైపులా కప్పు మండువాలోకి వాలుతుంది. వేడిగాలి ఆ దారిన పైకి పోతుంది, వాననీరు కిందికి దిగుతుంది. పెళ్ళిపందిరికీ, ఒడియాలు ఎండబెట్టడానికీ అదే చోటు. రాయలసీమ మిద్దెల్లో వేడిగాలిని పైకి వదిలే పనిని కప్పులో వదిలిన గవాచి చేస్తుంది. పేదింట మండువా ఉండదు. వేసవి రాత్రి మంచం వాకిట్లోకి వస్తుంది. గోడలకు కొట్టే వెల్ల ఎండను వెనక్కి తోస్తుంది. సున్నానికి పిడుగురాళ్ళ బట్టీలు ప్రసిద్ధం.

సిమెంటు స్లాబు, సీలింగ్ ఫ్యాను వచ్చాక కొత్త ఇళ్ళలో మండువాకు చోటు తగ్గింది. నాపరాయి ఇప్పుడు ఎక్కువగా నేల మీద పరుస్తున్నారు.