సుత్తి ఇంటిపేరైన వేళ

తొలి చిత్రం పేరును ఇంటిపేరుగా మోసిన షావుకారు జానకి, సాక్షి రంగారావు వంటివారు తెలుగు తెరపై పలువురున్నారు గాని, పాత్రల నోట నలిగిన ఒక మాట వీరభద్రరావు, వేలు అనే ఇద్దరు నటులకు ఒకేసారి ఇంటిపేరైపోవడం జంధ్యాల దర్శకత్వంలో 1982లో వచ్చిన ‘నాలుగు స్తంభాలాట’తోనే జరిగింది. సుత్తి కమ్మరి, కంసాలి చేతిలోని పనిముట్టు. ఎదుటివాడు లేచిపోయేందుకు సందివ్వకుండా సాగదీసి చెప్పే కబుర్లు తల మీద దెబ్బల్లా పడతాయి గనుక వాటికే సుత్తి అన్న పేరు పెట్టి, ఊరూరా పాకించింది ఆ చిత్రం. గుక్క తిప్పుకోకుండా వాయించే పని నిండైన విగ్రహం గల వీరభద్రరావుది కాగా, ఆ వాయింపుకు నలిగే పని బక్కపలచని వేలుది. వినేవాడి ముఖం చూస్తే తప్ప చెప్పేవాడి మాటకు నవ్వు పండదు కనుక, ఆ జంటలో కష్టమైన వాటా వేలుదేనని చెప్పాలి.

కృష్ణా జిల్లాలో 1947లో పుట్టిన వేలు అసలు పేరు కురుమద్దాలి లక్ష్మీనరసింహారావు. మరీ సన్నగా ఉండడంతో చిన్ననాడే వేలు అన్న పిలుపు స్థిరపడిందంటారు. వీరభద్రరావు ఆకాశవాణి విజయవాడ కేంద్రం నాటకాలలో గొంతును సానపట్టుకుంటే, వేలు రంగస్థలం మీద రాటుదేలి, 1981లో జంధ్యాల తొలి చిత్రం ‘ముద్దమందారం’తో తెరకెక్కారు. ఏడుపుకూ నవ్వుకూ నడుమ ఊగిసలాడే ఆ సన్నని గొంతు, మాట మధ్యలో జీరబోయి విరిగినప్పుడు, ప్రేక్షకుడు ముందు నవ్వి, ఆ తరువాత జాలిపడేవాడు.

ఈ రెండో భావాన్ని పట్టుకున్న దర్శకుడు టి. కృష్ణ. 1985 నాటి ‘ప్రతిఘటన’లో, నిజాయితీకి మూల్యం చెల్లించి మతి చెడిన మాజీ కానిస్టేబులు పాత్రను ఆయన హాస్యనటుడికి అప్పగించడం ఆనాటి వ్యాపార లెక్కలకు అందని సాహసం. గుణచిత్ర నటన, అంటే కథానాయక స్థానంలో లేకుండానే ఒక మనిషి స్వభావాన్ని నిండుగా నిలబెట్టే నటన, వేలుకు ఎంత సహజమో ఆ పాత్ర తేల్చింది: నవ్వించే గొంతే అక్కడ పిచ్చివాడి అరుపై, పిరికి ఊరికి నిలదీతగా మారింది. ఈ కథను హిందీలో 1987లో ‘ప్రతిఘాత్’గా తీసినప్పుడు ఆ మతి చెడిన పోలీసు పాత్రను నానా పటేకర్ ధరించారన్నది గుర్తుంచుకోదగిన సంగతి.

అయితే 1986లో కృష్ణ, 1988లో వీరభద్రరావు కన్నుమూయడంతో, వేలు ఇటు గంభీర పాత్రలిచ్చే దర్శకుడినీ అటు జంటనూ రెండేళ్ల తేడాలో కోల్పోయారు. తరువాత చిన్నాపెద్దా వేషాలు వేస్తూ, ‘ఆనందోబ్రహ్మ’, ‘లేడీ డిటెక్టివ్’ వంటి ధారావాహికలతో బుల్లితెర మీదా కనిపించారు. ఆ కాలపు పాత్రలలో అధికభాగం ఆయన స్థాయికి తగినవి కావు. 2012 సెప్టెంబరు 16న చెన్నైలో మరణించారు. వీరభద్రరావు పక్కన నలిగిన వేలును మాత్రమే ఎరిగినవారు, ‘ప్రతిఘటన’ను ఆ కానిస్టేబులు కోసం మరొకసారి చూడాలి.